చెవికి అందని మాట
(గిడుగు వెంకట రామమూర్తి స్మారకోపన్యాస పాఠం)



ఈ ఉపన్యాసం చేయమని నిర్వాహకులు అడిగినప్పుడు వెంటనే ఒప్పుకోలేకపోయాను. గిడుగు రామమూర్తి పంతులుగారి గురించి చెప్పకుండా మిగిలిపోయింది ఏముందన్న సందేహం కొన్నాళ్లు నన్ను వెనక్కి లాగింది. ఆయన పుట్టిన ఆగస్టు 29ని తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకుంటున్నాం. బడుల్లో ఆయన పటానికి దండ వేస్తున్నాం. వ్యావహారిక భాషోద్యమ పితామహుడని పిల్లల చేత పలికిస్తున్నాం. అయితే ఆయన జీవితం గురించి రాసినవాళ్లు తప్పకుండా రాసే మాట ఒకటుంది. సవర గిరిజనుల కోసం మన్యంలో తిరిగిన రోజుల్లో ఆయనకు జ్వరం పట్టుకుంది, క్వినైను ఎక్కువగా వాడవలసి వచ్చింది, దానితో చెవుడు వచ్చింది, అది చివరిదాకా ఆయనను వదల్లేదు. ఇంతవరకు చెప్పి తర్వాతి ఘట్టానికి వెళ్లిపోతారు. చదివే మనమూ వాళ్ల వెంటే వెళ్లిపోతాం. ఈ సాయంత్రం నేను ఆ మాట దగ్గర ఆగదలచుకున్నాను.

తెలుగువాడి నోటి మాటకు రాతలో చోటు సంపాదించిపెట్టిన మనిషికి ఆ మాట చెవికి సరిగా అందేది కాదు. దీన్ని వింతగా చెప్పుకుని ఊరుకోవడం నాకు ఇష్టం లేదు. దేన్ని భాష అనాలి, అది ఎవరి సొత్తు అన్న ప్రశ్నలకు గిడుగువారు ఇచ్చిన జవాబుకూ ఆయన చెవుడుకూ లోపల ఎక్కడో సంబంధం ఉందని నా నమ్మకం. ఆ జవాబును మనం సగమే ఆచరించామనీ, మిగిలిన సగం ఇంకా బాకీ ఉన్నామనీ ఈ సభ ముందు విన్నవించుకోవడమే నా ఉద్దేశం.

ఆయన 1863లో శ్రీముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో పుట్టారు. పన్నెండో ఏట తండ్రి పోయారు. విజయనగరంలో బంధువుల ఇంట ఉండి మహారాజావారి బడిలో చదువుకున్నారు. అక్కడ ఆయన సహాధ్యాయి గురజాడ అప్పారావు. 1880లో పర్లాకిమిడి రాజావారి బడిలో ఉపాధ్యాయుడిగా చేరేనాటికి ఆయనకు ఇంకా పదిహేడేళ్లే. ఆ తర్వాత ముప్పై ఒక్క ఏళ్లు ఆ ఉద్యోగంలోనే ఉన్నారు. కాలేజీలో చదువుకునే అవకాశం రాకపోయినా, గురువు లేకుండానే పాత లిపులు నేర్చుకుని శ్రీముఖలింగం గుడి శాసనాలు చదివారు. గాంగుల రాజధాని కళింగనగరం ఆ ఊరేనని వాదిస్తూ వ్యాసాలు రాశారు.

శాసనాల సంగతి ఊరికే ఎత్తలేదు. రాయి తనంతట తాను మాట్లాడదు. అరిగిపోయిన అక్షరం ముందు కూర్చున్నవాడు ఆ ఒంపు ఎటు తిరిగిందో చూడాలి, వేలితో తడమాలి, పక్క పంక్తిలో అదే అక్షరం ఎలా ఉందో పోల్చాలి. ఇలా ఉండి ఉంటుందిలే అని ఊహించుకోవడానికి అక్కడ వీలు లేదు. ఈ క్రమశిక్షణ ఆయనకు అక్కడే అలవడింది. తర్వాత భాష గురించి వాదించవలసి వచ్చినప్పుడు ఆయన చేతిలో ఉన్న ఆయుధం ఇదే. పండితులు తాము విన్నది చెబితే, ఆయన చూపించారు. ఏ కావ్యంలో, ఏ శాసనంలో, ఏ వ్యాఖ్యానంలో ఏ రూపం ఉందో ఎత్తి చూపించారు.

ఇక సవరల విషయం. పర్లాకిమిడి చుట్టుపక్కల కొండల్లో ఉండే సవరలు సంతకు దిగివచ్చేవారు. వాళ్ల భాష తెలుగూ కాదు, ఒడియా కూడా కాదు. అసలు ద్రావిడ కుటుంబానికే చెందదు, ముండా భాషల్లో ఒకటి. దానికి లిపి లేదు, పుస్తకం లేదు, బడి లేదు. అందువల్ల వాళ్లకు భాషే లేదని పట్టణంలో చదువుకున్నవాళ్లు అనుకునేవారు. గిడుగువారు తెలుగు వచ్చిన సవర మనిషిని ఇంటికి పిలిచి, అతడి దగ్గర శిష్యుడిలా కూర్చున్నారు. కొండలెక్కి వాళ్ల ఊళ్లకు వెళ్లారు. జ్వరం వచ్చింది అక్కడే. క్వినైను మోతాదు మించితే మొదట చెవుల్లో హోరు పుడుతుంది, తర్వాత వినికిడి తగ్గుతుంది. చాలామందికి మందు ఆపితే వినికిడి తిరిగి వస్తుంది. ఆయనకు రాలేదు.

సవర భాషలో తెలుగు చెవికి అలవాటు లేని ధ్వని ఒకటి ఉంది. మాట మధ్యలో గొంతు దగ్గర గాలి లిప్తకాలం ఆగి, తెగి, మళ్లీ సాగుతుంది. ఆ ఆగడంతోనే అర్థం మారిపోవచ్చు. మనబోటివాళ్లకు చెవులు సవ్యంగా ఉన్నా ఆ తెగడం తెలియదు, ఎందుకంటే దాన్ని వినాలని మనకు ఎవరూ నేర్పలేదు. వినికిడి పోగొట్టుకుంటున్న మనిషి ఆ ధ్వనిని పట్టుకుని, దానికి గుర్తు పెట్టి, వ్యాకరణం రాశారు. ఆయన సవర భాషా గ్రంథం 1931లో, సవర–ఇంగ్లీషు నిఘంటువు 1938లో వెలువడ్డాయి. సొంత డబ్బుతో సవర పిల్లలకు బడులు పెట్టి, వాళ్ల భాషలోనే చదువు చెప్పించారు. ఆయన ఎలా విన్నారో నేను చెప్పలేను కానీ ఒకటి ఊహించగలను. గొంతు ఆగినప్పుడు పెదవి ఎలా ఉంటుందో, గుండె పైభాగం ఎలా కదులుతుందో, మాట్లాడే మనిషి మళ్లీ మళ్లీ ఎక్కడ నిలుస్తాడో ఎదురుగా కూర్చుని చూసినవాడికే ఆ భాష లొంగింది. ఆ చూపులో శాసనం చదివినవాడి ఓర్పు ఉంది.

వ్యావహారిక భాషా వివాదం మీకందరికీ తెలిసిందే కనుక క్లుప్తంగా చెబుతాను. పాఠశాలల పర్యవేక్షణ చేసిన జె.ఎ. యేట్స్ దొర 20వ శతాబ్దపు తొలి దశకంలో ఒక అమాయకమైన ప్రశ్న అడిగారు. బడిలో నేర్పే తెలుగు, బజారులో మాట్లాడే తెలుగు ఇంత వేరుగా ఎందుకున్నాయని. ఆ ప్రశ్న పి.టి. శ్రీనివాస అయ్యంగారి దగ్గరకు, అక్కడి నుంచి గురజాడ దగ్గరకు, గురజాడ నుంచి గిడుగు దగ్గరకు వచ్చింది. 1858లో అచ్చయిన చిన్నయసూరి బాలవ్యాకరణం బడిపిల్లల మీద శాసనమై కూర్చుంది. జయంతి రామయ్య పంతులుగారి వంటి ఉద్దండులు గ్రాంథికం పక్షాన నిలబడ్డారు. గురజాడ 1914లో మద్రాసు విశ్వవిద్యాలయానికి అసమ్మతి పత్రం సమర్పించి, మరుసటి ఏడే కన్నుమూశారు. భారమంతా గిడుగువారి మీద పడింది. 1919లో రాజమహేంద్రవరంలో వర్తమానాంధ్ర భాషా ప్రవర్తక సమాజం ఏర్పడింది. ఆ సంవత్సరమే ‘తెలుగు’ పత్రిక మొదలుపెట్టారు. 1925లో తణుకు సభలో ఆయన నాలుగు గంటలపాటు మాట్లాడి, గ్రాంథికవాదుల గ్రంథాల్లోనే వ్యాకరణ విరుద్ధాలు ఎన్ని ఉన్నాయో ఎత్తిచూపారు.

నాలుగు గంటలు. ఎదుటివాళ్ల మాట పూర్తిగా అందని మనిషి ఊరూరా వాగ్వాదానికి దిగడానికి ఎంత ధైర్యం కావాలో ఆలోచించండి. సభలో ఎవరైనా ఒక ఎత్తిపొడుపు విసిరితే అది పక్కవారికి నవ్వు తెప్పిస్తుంది, ఆయనకు ఆ నవ్వు మాత్రమే కనిపిస్తుంది. చెవుడున్నవారి పక్కన బతికినవాళ్లకు ఈ సంగతి తెలుసు. దానికి భయపడి చాలామంది ఇల్లు కదలరు. ఆయన కదిలారు.

సాహిత్య చరిత్రలో ఆ వివాదాన్ని కోస్తా ఉత్తరాన విజయనగరం, విశాఖ, పర్లాకిమిడి చుట్టూ తిప్పి చెబుతుంటాం. అక్కడ పుట్టిన వాదానికి రుజువులు ఈ గుంటూరు నేల కూడా సమకూర్చింది. 18వ శతాబ్దం చివర, 19వ శతాబ్దం ఆరంభంలో సర్వే అధికారి కాలిన్ మెకంజీ తరఫున కావలి బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు, వారి అనుచరులు ఊళ్లు తిరిగి కైఫియతులనే గ్రామ వృత్తాంతాలు రాయించారు. అమరావతి చుట్టుపక్కల, పల్నాటిలో, కొండవీటి సీమలో కరణాలు తమ ఊరి పుట్టుపూర్వోత్తరాలు, చెరువు ఎవరు తవ్వించారు, ఏ దొరతనంలో పన్ను ఎంత పెరిగింది అన్నవి తమకు వచ్చిన తెలుగులో చెప్పి రాయించారు. వాటికి బాలవ్యాకరణం తెలియదు, ఎందుకంటే అప్పటికి అది పుట్టలేదు. వచనానికి గ్రాంథికం తప్ప దారి లేదన్న వాదానికి ఇంతకంటే గట్టి జవాబు ఉండదు. ఆ వచనం మన గుంటూరు కరణాల కలం నుంచి కూడా వచ్చిందని ఇక్కడి పిల్లలకు చెప్పవలసిన అవసరం ఉంది.

ఆ పైన మాలపల్లి నవల. సత్తెనపల్లి తాలూకా వేములూరుపాడులో 1877లో పుట్టిన ఉన్నవ లక్ష్మీనారాయణగారు పల్నాటి పుల్లరి సత్యాగ్రహం రోజుల్లో జైలుకు వెళ్లారు. రాయవేలూరు జైలులో కూర్చుని ఆ నవల రాశారు. 1922లో అచ్చయింది, ప్రభుత్వం నిషేధించింది. 1937లో కాంగ్రెసు మంత్రివర్గం వచ్చాకే పూర్తిగా విడుదలైంది. ఒక మాల కుటుంబం ఇంట్లో, పొలంలో, కళ్లంలో ఏం మాట్లాడుకుంటుందో అదే మాటలో ఒక పెద్ద నవల నడిపించడం అంతవరకు తెలుగులో జరగలేదు. రామదాసు, మహాలక్ష్మి, సంగదాసు మన పొలాల భాష మాట్లాడతారు. గిడుగు వాదించినది నిజమని వాదంతో కాకుండా నవలతో రుజువు చేసింది ఈ జిల్లా మనిషి.

ఒక్క సంగతి ఇక్కడ ఆలోచించదగ్గది. ఉన్నవవారు ఆ మాటలు రాసింది తమిళం మోగే రాయవేలూరు జైలు గోడల మధ్య. చుట్టూ పల్నాటి యాస లేదు, పత్తిచేల పాట లేదు. జైలు ఆయనను తన భాషకు చెవిటివాణ్ణి చేసింది. మాలపల్లిలోని సంభాషణ అంతా జ్ఞాపకంలో మోగింది. పుట్టిన తర్వాత చెవుడు వచ్చినవారికి కూడా భాష ఇలాగే మిగులుతుందంటారు. బయట ధ్వని తగ్గే కొద్దీ లోపల దాచుకున్న మాట మరింత స్పష్టమవుతుంది. గిడుగువారి రచనలో వాడుక మాట మీద కనిపించే ఆ పట్టుదలకు ఇదీ ఒక కారణమేమో అని నేను అనుకుంటూ ఉంటాను. చేజారే వస్తువును మనిషి గట్టిగా పట్టుకుంటాడు.

ఉన్నవవారి చదువు నన్ను మరో దేశం వైపు, మరో చెవుడు కథ వైపు తీసుకెళ్లింది. ఆయన బారిస్టరు చదివింది లండన్‌లో కాదు, ఐర్లండు రాజధాని డబ్లిన్‌లో, 1910ల మధ్యలో. ఐర్లండు కూడా పరాయి పాలనలో ఉన్న దేశం, తన పల్లెల భాషకు సాహిత్యంలో చోటు అడుగుతున్న దేశం. జె.ఎం. సింగ్ అనే నాటకకర్త ఒక పాత ఇంట్లో దిగి, నేల పలకల సందు నుంచి కింద వంటింట్లో పనిమనుషులు మాట్లాడుకునే మాటలు విని తన నాటకాలకు భాష కూర్చుకున్నానని 1907లో రాసుకున్నాడు. ఉన్నవవారు డబ్లిన్‌లో ఉన్న ఆ సంవత్సరాల చుట్టుపక్కలే, 1913లో, వాటర్‌ఫర్డ్ పట్టణం నుంచి తెరీసా డీవీ అనే పందొమ్మిదేళ్ల అమ్మాయి ఉపాధ్యాయిని కావాలని డబ్లిన్ వచ్చి విశ్వవిద్యాలయంలో చేరింది. పదముగ్గురు పిల్లల్లో ఆఖరిది. చదువు మధ్యలో మీనియర్స్ అనే లోపలి చెవి జబ్బు వచ్చి వినికిడి పోయింది. పెదవుల కదలిక చూసి మాట గ్రహించడం నేర్చుకోవడానికి 1914లో లండన్ వెళ్లింది.

ఆ విద్య సాధన చేయడానికి ఆమె నాటకశాలకు వెళ్లేది. ముందుగా నాటకం పుస్తకం చదువుకుని, తర్వాత వేదిక మీద నటుల పెదవులు చూసేది. అలా చూస్తూ చూస్తూ తాను నాటకాలు రాయాలనుకుంది. 1930 నుంచి 1936 వరకు డబ్లిన్ అబీ థియేటర్ ఆమె నాటకాలు ఆరు ప్రదర్శించింది. కేటీ రోష్ అనే నాటకం వాటిలో పేరు పొందింది. తర్వాత అదే నాటకశాల ఆమెకు తలుపు మూసింది. అప్పుడామె రేడియోకు రాసింది. తాను ఎన్నటికీ వినలేని నాటకాలు, చెవి తప్ప మరో దారి లేని నాటకాలు. 1963లో పోయింది. ఆమె పాత్రల మాటల్లో ఖాళీలు ఎక్కువ. ఒకరు సగం చెప్పి ఆగిపోతారు, ఎదుటివారు ఆ సగాన్ని మరోలా అర్థం చేసుకుంటారు. మాట తప్పిపోవడం ఎలా ఉంటుందో రోజూ అనుభవించినవారు మాత్రమే అలా రాయగలరు.

సింగ్ పలకల సందులోంచి విన్నాడు, డీవీ పెదవుల మీద చదివింది, గిడుగు ఎదురుగా కూర్చుని చూశారు. ముగ్గురూ తక్కువవాళ్ల నోటి మాటనే వెతికారు. డీవీ, గిడుగులకు అడగక తప్పలేదు, దగ్గరకు వెళ్లక తప్పలేదు. దూరం నుంచి విని తెలుసుకున్నానని గర్వపడే వీలు వాళ్లకు లేదు. ఆ దగ్గరితనమే వాళ్ల పాండిత్యానికి పునాది అని నేను భావిస్తున్నాను.

ఇప్పుడు మా ఇంటి సంగతి ఒకటి చెబుతాను. మాది ప్రకాశం జిల్లా పల్లె. మిరప, పత్తి తప్ప మరో పంట తెలియని నల్లరేగడి. మా పెదనాన్న పుట్టు చెవిటి. మాట రాలేదు. ఊళ్లో ఆయనను పేరుతో పిలిచినవారు నాకు గుర్తు లేరు. చెవిటాయన అనేవారు, పిల్లలమైన మేమూ అలాగే అనేవాళ్లం. ఆయనను ఎవరూ బడికి పంపలేదు. మిరప కోతల్లో, కళ్లంలో ఆయనకు తిరుగు లేదు. ఆరబోసిన కాయల్లో తాలు ఏరడంలో ఆడవాళ్లతో సమానంగా చేతులు ఆడేవి.

ఆయనకు తన సైగలు ఉండేవి. బొటనవేలు, చూపుడువేలు దగ్గర చేర్చి సన్నగా కిందికి లాగితే మిరపకాయ. మూడు వేళ్లు కూడదీసి అరచేతిలోంచి ఏదో పైకి తీసినట్టు చేస్తే పత్తి. మిరపకాయ చూపించి, వెంటనే అరచెయ్యి బోర్లా తిప్పితే తాలుకాయ. మనం తాలు ముందు అని, కాయ తర్వాత అంటాం. ఆయన కాయ ముందు పెట్టి, తాలుతనం తర్వాత చెప్పేవాడు. పండుకాయ, పచ్చికాయ, ఎండుగడ్డి, అన్నిటికీ అదే వరస. ఎన్నడూ తప్పేవాడు కాదు. మా నాయనమ్మకు ఆ సైగలన్నీ తెలుసు. మా అమ్మకు సగం తెలుసు. మాకు నాలుగైదు తప్ప తెలియవు. ఆయన ఏదో చెప్పబోతుంటే తల ఊపి పరుగెత్తేవాళ్లం. ఆ వరసకు వ్యాకరణం అని పేరుందని నాకు భాషాశాస్త్రం చదివిన తర్వాత గాని తెలియలేదు. అప్పటికి పెదనాన్న లేడు, నాయనమ్మ లేదు. వాళ్లిద్దరి మధ్య యాభై ఏళ్లు నడిచిన భాష వాళ్లతోనే పోయింది. ఒక్క మాట కూడా ఎవరూ రాసి పెట్టలేదు. గిడుగువారు మా ఇంటికి వచ్చి ఉంటే ఆ వరస రాసుకుని ఉండేవారు.

ఆయనను పదిమందితో సమానంగా నేను చూసింది పశువుల సంతలోనే. ఒంగోలు గిత్తల బేరం పెద్ద మనుషులు నోటితో చేసేవారు కాదు. దళారి భుజం మీది తువ్వాలు తీసి చేతుల మీద కప్పేవాడు. దాని కింద వేళ్లు పట్టుకుని ధర చెప్పేవారు, నొక్కి పెంచేవారు, వదిలి కాదనేవారు. పక్కన నిలబడ్డవాడికి ఏమీ తెలియదు. ఆ తువ్వాలు కింద మా పెదనాన్న ఎవరికీ తక్కువ కాదు. చెవులున్నవాళ్లంతా తమ అవసరానికి చేతులతో మాట్లాడుకున్నారు, ఆ అరగంట ఆయన భాషలోకి వచ్చారు. తువ్వాలు తీసేయగానే మళ్లీ ఆయన చెవిటాయన.

నోటి మాటకూ రాతకూ మధ్య జరిగిన తగాదా ఎంత పాతదో, చేతి భాషకూ నోటి మాటకూ మధ్య తగాదా కూడా అంత పాతదే. గిడుగువారు పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడిగా చేరిన 1880లోనే ఇటలీలోని మిలాన్ నగరంలో బధిరుల ఉపాధ్యాయుల మహాసభ జరిగింది. వచ్చినవాళ్లలో దాదాపు అందరూ వినికిడి ఉన్నవాళ్లే. బధిర పిల్లలకు సైగలు మాన్పించి నోటి మాటే నేర్పాలని వాళ్లు తీర్మానించారు. ఆ తర్వాత చాలా దేశాల బడుల్లో పిల్లల చేతులు కట్టేశారు. సైగలు భాష కావు, అవి మాటకు అడ్డం అన్నారు. గ్రాంథికవాదులు వాడుక మాటను గ్రామ్యమన్నప్పుడు సరిగ్గా ఈ తర్కమే వాడారు. ఇది భాష కాదు, చెడిపోయిన ఉచ్చారణ, దీన్ని ఒప్పుకుంటే పిల్లలు నాశనమవుతారు అని. సవరలకు భాషే లేదన్నవాళ్లదీ అదే తర్కం.

1960లో విలియం స్టోకీ అనే అమెరికన్ పండితుడు సైగల భాషకు స్వంత నిర్మాణం ఉందని శాస్త్రీయంగా చూపించాడు. చేయి ఆకారం, చేయి ఉన్న చోటు, కదలిక, ఈ మూడింటితో మాటలు కట్టుబడతాయని వివరించాడు. మిలాన్ తీర్మానాన్ని అలాంటి మరో మహాసభ తిరస్కరించడానికి 130 ఏళ్లు పట్టింది. ఆ పని 2010లో వాంకూవర్‌లో జరిగింది. డీవీ దేశమైన ఐర్లండు 2017లో తన సంజ్ఞా భాషకు చట్టబద్ధమైన గుర్తింపు ఇచ్చింది. మన దేశంలో 2015లో ఢిల్లీలో భారతీయ సంజ్ఞా భాషా పరిశోధన, శిక్షణ కేంద్రం ఏర్పడింది, 2018లో 3,000 మాటల తొలి నిఘంటువు తెచ్చింది. 2016 వికలాంగుల హక్కుల చట్టం, 2020 జాతీయ విద్యా విధానం సంజ్ఞా భాషను ప్రస్తావించాయి. కాగితం మీద దారి పడింది.

2011 జనగణనలో వినికిడి లోపం ఉన్నవారిగా 50 లక్షలకు పైగా నమోదయ్యారు. వారిలో తెలుగు ఇళ్లలో పుట్టినవాళ్లు ఎంతమందో లెక్క కట్టడం నా పని కాదు. నాకు తెలిసింది ఇది. మన తెలుగు సాహిత్య చరిత్ర పుస్తకాల్లో సంజ్ఞా భాష గురించి ఒక పేజీ కనిపించదు. తెలుగు ఎం.ఎ. పాఠాల్లో యాసలు, మాండలికాలు, గిరిజన భాషలు వచ్చాయి, రావలసిందే. చేతి భాష రాలేదు. మన నవలల్లో చెవిటి పాత్ర ఎందుకు వస్తుందో చూడండి. చాలాసార్లు రహస్యం వినకుండా ఉండడానికి, లేదా సామెతలో శంఖం ఎదురుగా నిలబడడానికి. ఆ మనిషి లోపల మాట ఎలా ఉంటుందో రాసే ప్రయత్నం మనం చేయలేదు. మాలపల్లి వచ్చేదాకా మాల ఇంటి మాట ఎలా ఉంటుందో తెలుగు నవల రాయలేదు. అప్పటివరకు రాయనందువల్ల ఆ ఇంట్లో మాట లేదని కాదు గదా.

గిడుగువారు పోయిన తర్వాత ఆయన వాదం గెలిచింది. పత్రికలు, పాఠ్యపుస్తకాలు, ఈ ఉపన్యాసం కూడా ఆయన అడిగిన భాషలోనే నడుస్తున్నాయి. అయితే ఆయన వ్యావహారికాన్ని కోరింది వాడుక భాష అందంగా ఉంటుందని కాదు. చదువుకునేవాడికి ముందుగా వచ్చిన భాషలోనే చదువు మొదలుకావాలన్నది ఆయన సూత్రం. తెలుగు పిల్లలకు వాడుక తెలుగు, సవర పిల్లలకు సవర. ఇది ఒకే సూత్రం, రెండు చోట్ల అన్వయించారు. మూడో అన్వయం మన చేతిలో ఉంది. బధిర పిల్లవాడికి ముందుగా అందే భాష కంటికి కనిపించే భాష. దాని గుండా అతడు తెలుగు రాతలోకి రావాలి. మాటలు పలికించడానికే అతడి బాల్యమంతా ఖర్చు చేస్తే, ఒకప్పుడు అర్థం కాని గ్రాంథికం వల్లె వేయించినప్పుడు జరిగిన నష్టమే మళ్లీ జరుగుతుంది.

1940 జనవరిలో, కన్నుమూయడానికి వారం రోజుల ముందు గిడుగువారు మద్రాసులో పత్రికా సంపాదకుల ముందు మాట్లాడారు. అప్పటికి ఆయనకు డెబ్బై ఆరేళ్లు. అంతకు నాలుగేళ్ల ముందు పర్లాకిమిడి ఒరిస్సాలో చేరినప్పుడు తాను జీవితం గడిపిన ఊరు వదిలి రాజమహేంద్రవరం వచ్చేశారు. ఇల్లు పోయింది, వినికిడి ఎప్పుడో పోయింది. ఆయన మాట్లాడుతూనే ఉన్నారు.

ఈ సభలో తెలుగు ఉపాధ్యాయులు చాలామంది ఉన్నారు. మీ ఊళ్లో, మీ బడి పరిసరాల్లో వినికిడి లేని పిల్ల ఉంటే ఆమె ఇంటికి వెళ్లండి. ఆమె తల్లితో ఏ సైగలతో మాట్లాడుతుందో అడిగి రాసుకోండి. మిరపకాయకు ఏది, పత్తికి ఏది, ఆకలికి ఏది, కోపానికి ఏది. గిడుగువారు సవర మనిషి ముందు కూర్చున్నట్టు ఆ పిల్ల ముందు కూర్చోండి. రచయితలకూ ఇదే నా మనవి.

నిర్వాహకులకు ఒక్క విన్నపం. ఈ సాయంత్రం ఈ హాలులో బధిరులు ఎవరైనా ఉంటే, బధిరుడైన ఒక మహానుభావుడి గురించి నేను చెప్పిన మాట ఒక్కటీ వారికి అందలేదు. వచ్చే ఏడు ఆగస్టు 29న ఉపన్యాసకుడి పక్కన సంజ్ఞా భాషలో చెప్పే మనిషి కూడా నిలబడాలి. అందుకయ్యే ఖర్చుకు ఈ ఉపన్యాసానికి మీరు ఇచ్చిన సంభావనను తిరిగి మీ చేతిలోనే పెడుతున్నాను.